పవర్‌టాయ్స్ కీబోర్డ్ మేనేజర్ సమీక్ష: ఏ కీ మార్చాలి, ఏది ముట్టుకోకూడదు

విండోస్‌లో షార్ట్‌కట్లకు కొదవ లేదు. కానీ కొన్నిటికి వేలు సరిగ్గా అందదు, కొన్ని ఒక్కో ప్రోగ్రామ్‌లో ఒక్కోలా ఉంటాయి, ఇంకొన్ని ఉన్నాయన్న సంగతే చాలామందికి తెలియదు. మొదటి రెండు ఇబ్బందులకూ మైక్రోసాఫ్ట్ ఉచితంగా ఇచ్చే చిన్న పరికరాల మూట పవర్‌టాయ్స్‌లోని కీబోర్డ్ మేనేజర్ చాలావరకు పనికొస్తుంది. ఒక కీని నొక్కితే మరో కీ పని జరిగేలా మార్చేది ఇదే. మూడోదానికి అందులోనే షార్ట్‌కట్ గైడ్ అని మరో పరికరం ఉంది. రెండూ మంచివే. అయితే వీటిని ఎక్కడ ఆపాలో తెలుసుకుని వాడితేనే పని వేగం పెరుగుతుంది. కనిపించిన కీనల్లా మార్చుకుంటూ పోతే పక్క కంప్యూటర్ ముందు కూర్చున్న రోజు చేతులు ఆడవు.

పవర్‌టాయ్స్ పేరు విండోస్ 95 కాలం నాటిది. ఇప్పుడున్నది 2019లో ఓపెన్ సోర్స్‌గా మళ్లీ మొదలుపెట్టినది. విండోస్ 10, 11 మీద పనిచేస్తుంది. మైక్రోసాఫ్ట్ స్టోర్ నుంచి గానీ గిట్‌హబ్ పేజీ నుంచి గానీ దించుకోవచ్చు. ఇన్‌స్టాల్ కాగానే పవర్‌టాయ్స్ సెట్టింగ్స్‌లోని జనరల్ పేజీకి వెళ్లి, కంప్యూటర్ మొదలైనప్పుడే ఇదీ మొదలయ్యే స్విచ్ ఆన్‌లో ఉందో లేదో చూసుకోండి. పవర్‌టాయ్స్ వెనకాల నడుస్తున్నంతసేపే మార్చిన కీలు పనిచేస్తాయి. అది ఆగిన మరుక్షణం కీబోర్డ్ పాత పద్ధతికి వచ్చేస్తుంది. "నిన్న పనిచేసింది, ఇవాళ చేయట్లేదు" అనే ఫిర్యాదుల్లో చాలావాటికి మూలం ఇదే.

మొదట చేయాల్సిన మార్పు ఒక్కటే చెప్పమంటే క్యాప్స్ లాక్‌ని కంట్రోల్‌గా మార్చుకోవడం. కాపీ, పేస్ట్, అన్‌డూ, సేవ్, ఫైండ్ అన్నీ కంట్రోల్‌తోనే. ఆ కీ మాత్రం కీబోర్డ్ కింది మూలన ఉంటుంది, చిటికెన వేలు వంచి కిందికి లాగాలి. రోజంతా టైప్ చేసేవాళ్లకు ఇది ఇబ్బందే. క్యాప్స్ లాక్ అదే చిటికెన వేలి పక్కన, 'ఏ' (A) అక్షరానికి ఆనుకుని, ఊరికే పడి ఉంటుంది.

మార్చే పద్ధతి ఇది. ముందుగా క్యాప్స్ లాక్ ఆఫ్‌లో ఉండేలా చూసుకోండి. ఆన్‌లో ఉండగా మారిస్తే దాన్ని ఆఫ్ చేసే కీ ఇక చేతిలో ఉండదు, అన్నీ పెద్ద అక్షరాలే పడుతుంటాయి. తర్వాత కీబోర్డ్ మేనేజర్‌లో "రీమ్యాప్ ఎ కీ" తెరిచి కొత్త వరుస చేర్చండి. ఎడమ వైపు క్యాప్స్ లాక్, కుడి వైపు కంట్రోల్ (ఎడమ) ఎంచుకుని ఓకే నొక్కండి. క్యాప్స్ లాక్‌కు ఇక ఏ కీ లేకుండా పోతుందని ఒక హెచ్చరిక వస్తుంది. అది తప్పు జరిగినట్టు కాదు, జాగ్రత్త కోసం చెప్పే మాటే; ముందుకు సాగమనండి. రెండు కీలనూ ఒకదాని స్థానంలో ఒకటి పెట్టాలంటే రెండు వరుసలు రాయాలి, అటు నుంచి ఇటు ఒకటి, ఇటు నుంచి అటు ఒకటి. ఒక్క వరుసతో అదలబదల జరగదు.

కీని జాబితాలో వెతక్కుండా నొక్కి చూపించే పెట్టె కూడా ఉంటుంది. అందులో ఎంటర్‌ని మామూలుగా నొక్కితే దాన్ని కూడా మీరు ఎంచుకున్న కీగానే తీసుకుంటుంది. ఒప్పుకున్నట్టు చెప్పాలంటే ఎంటర్‌ని కాసేపు పట్టి ఉంచాలి, వద్దనుకుంటే ఎస్కేప్‌ని పట్టి ఉంచాలి. కొత్తవాళ్లు ఎక్కువగా తికమకపడేది ఇక్కడే.

ఇక లోపాలు. లాగిన్ తెర మీద ఈ మార్పులేవీ పనిచేయవు, ఎందుకంటే అప్పటికి పవర్‌టాయ్స్ మొదలే కాదు. పాస్‌వర్డ్‌లో వాడే కీని మార్చుకున్నవాళ్లకు ఇది గుర్తుండాలి. రెండోది, అడ్మినిస్ట్రేటర్ హక్కులతో తెరిచిన ప్రోగ్రామ్ ముందున్నప్పుడు మామూలు హక్కులతో నడిచే పవర్‌టాయ్స్‌కు ఆ కీలు అందవు. రిజిస్ట్రీ ఎడిటర్ తెరవగానే క్యాప్స్ లాక్ మళ్లీ క్యాప్స్ లాక్ అయిపోవడానికి కారణం అదే. పవర్‌టాయ్స్‌ని కూడా అడ్మినిస్ట్రేటర్‌గా నడిపే స్విచ్ జనరల్ పేజీలోనే ఉంది. ఆఫీసు కంప్యూటర్లలో ఆ హక్కు మనకు ఉండకపోవచ్చు.

ఈ రెండు లోపాలూ వద్దనుకుంటే, ఒక్క క్యాప్స్ లాక్ కోసమే అయితే, షార్ప్‌కీస్ అనే చిన్న ఉచిత ప్రోగ్రామ్ ఇంతకన్నా నయం. అది మార్పును విండోస్ తన సెట్టింగులు దాచుకునే రిజిస్ట్రీలోనే రాసేస్తుంది. ఒకసారి రీస్టార్ట్ చేశాక లాగిన్ తెరతో సహా అన్నిచోట్లా కీ మారిపోతుంది, వెనకాల ఏదీ నడవనక్కర్లేదు. కాకపోతే దానికి తెలిసింది ఒక కీని ఇంకో కీగా మార్చడమే. రెండు మూడు కీల షార్ట్‌కట్లను మార్చడం, ఒక్క ప్రోగ్రామ్‌కే పరిమితం చేయడం దానివల్ల కాదు. ఆ రెండూ కావాలంటే కీబోర్డ్ మేనేజరే.

"రీమ్యాప్ ఎ షార్ట్‌కట్" భాగం ఈ పరికరానికి అసలు బలం. కంట్రోల్, షిఫ్ట్, ఆల్ట్, విండోస్ కీల్లో ఏదో ఒకదానితో మొదలయ్యే ఏ కలయికనైనా మరో షార్ట్‌కట్‌గా, ఒక వాక్యంగా, ఒక ప్రోగ్రామ్ తెరవడంగా, ఒక వెబ్ చిరునామాగా మార్చవచ్చు. పక్కనే ప్రోగ్రామ్ పేరు రాసే గడి ఉంటుంది. అది ఖాళీగా వదిలేస్తే మార్పు అంతటా వర్తిస్తుంది. అందులో రాయాల్సింది మనం పిలిచే పేరు కాదు, ప్రోగ్రామ్ అసలు ఫైల్ పేరు. వర్డ్ అని రాస్తే పనిచేయదు, విన్‌వర్డ్ అని ఉండాలి. ఆ పేరు తెలుసుకోవాలంటే కంట్రోల్+షిఫ్ట్+ఎస్కేప్‌తో టాస్క్ మేనేజర్ తెరిచి డీటెయిల్స్ ట్యాబ్‌లో చూడండి.

వాక్యాలు పెట్టుకునే సౌకర్యం ఈమెయిల్ చిరునామా, ఉత్తరం చివరి పలకరింపు వంటివాటికి బాగుంటుంది. పాస్‌వర్డ్ మాత్రం ఎప్పుడూ పెట్టకండి. ఈ సెట్టింగులు మీ యూజర్ ఫోల్డర్‌లో ఎవరైనా తెరిచి చదవగలిగే మామూలు టెక్స్ట్ ఫైల్‌గా ఉంటాయి.

కొన్ని కలయికలు దీని చేతిలో లేవు. విండోస్+ఎల్, కంట్రోల్+ఆల్ట్+డిలీట్ విండోస్ తన కోసమే ఉంచుకుంది, వాటిని మార్చలేం. విండోస్+జి మార్చినా చాలాసార్లు గేముల కోసం విండోస్‌లో ఉండే గేమ్ బార్ తెరుచుకుంటుంది. ల్యాప్‌టాప్‌లోని ఎఫ్‌ఎన్ కీ సాధారణంగా కీబోర్డ్ లోపలే పని ముగించుకుంటుంది, విండోస్ దాకా రాదు కాబట్టి అదీ కుదరదు. పాజ్ కీని బ్యాక్‌స్పేస్‌గా మారిస్తే పట్టి ఉంచినా ఒక్క అక్షరమే చెరుగుతుంది, ఎందుకంటే ఆ కీ నొక్కినట్టు సంకేతం ఒక్కసారే పంపుతుంది. గేముల్లో మార్పులు పనిచేయడం ఆ గేమ్ కీబోర్డ్‌ని ఏ పద్ధతిలో చదువుతుందన్న దాన్ని బట్టి ఉంటుంది. కొత్త ల్యాప్‌టాప్‌ల మీద వస్తున్న కోపైలట్ కీ నిజానికి ఒక కీ కాదు, విండోస్+షిఫ్ట్+ఎఫ్23 కలయికను పంపుతుంది. అందుకే దాన్ని కీల జాబితాలో వెతికితే దొరకదు, షార్ట్‌కట్‌ల భాగంలో మార్చాలి.

ఇంకో చిక్కు చాలామందికి ఆలస్యంగా తెలుస్తుంది. ఒక అక్షరం కీని మారిస్తే ఆ మార్పు షార్ట్‌కట్‌లలోకీ పాకుతుంది. 'ఏ' (A) కీని 'బి' (B) చేస్తే కంట్రోల్+ఏ నొక్కినప్పుడు అంతా సెలెక్ట్ కావడానికి బదులు అక్షరాలు బోల్డ్ అవుతాయి. అక్షరాలు, అంకెల జోలికి వెళ్లకపోవడమే మేలు. మార్చదగ్గవి పని లేకుండా పడి ఉన్న కీలు: క్యాప్స్ లాక్, స్క్రోల్ లాక్, ఇన్‌సర్ట్. ఎక్సెల్‌లో ఎఫ్2 నొక్కబోయి ఎఫ్1 తగిలి సహాయం కిటికీ తెరుచుకోవడం విసిగిస్తుంటే ఎఫ్1కి ఎదురుగా జాబితాలో "డిసేబుల్" ఎంచుకోవచ్చు. కానీ కీల భాగంలో చేసిన ఆ మార్పు అన్ని ప్రోగ్రాముల్లోనూ ఎఫ్1ని చంపేస్తుందని తెలిసి చేయండి.

దీనికి వరుసగా నొక్కే కీలను పంపడం చేతకాదు. ఉదాహరణకు ఎక్సెల్‌లో ఫార్ములాలు వదిలేసి విలువలు మాత్రమే అతికించాలంటే ఆల్ట్, హెచ్, వి, వి ఒకదాని తర్వాత ఒకటి నొక్కాలి. దాన్ని ఒక్క నొక్కుడుకు కుదించమంటే కీబోర్డ్ మేనేజర్ ఒప్పుకోదు. అందుకు ఆటోహాట్‌కీ వంటి స్క్రిప్ట్ రాసే సాధనం కావాలి. నిజానికి ఈ పనికి రెండూ అక్కర్లేదు. ఎక్సెల్ పైనున్న క్విక్ యాక్సెస్ టూల్‌బార్‌లో "పేస్ట్ వాల్యూస్" బటన్‌ని మొదటి స్థానంలో పెడితే ఆల్ట్+1 దాని షార్ట్‌కట్ అవుతుంది. మైక్రోసాఫ్ట్ 365లోని ఎక్సెల్‌లో కంట్రోల్+షిఫ్ట్+వి నేరుగా ఆ పనే చేస్తుంది. ఏ కీనైనా మార్చే ముందు, కావలసింది ఆ ప్రోగ్రామ్‌లో ముందే ఉందేమో ఇలా చూసుకోవాలి. ఉన్నదాన్ని నేర్చుకుంటే ఏ కంప్యూటర్ దగ్గరైనా చేతికి వస్తుంది.

ఆ వెతుకులాటకు షార్ట్‌కట్ గైడ్ మంచి తోడు. విండోస్+షిఫ్ట్+/ నొక్కితే విండోస్ కీతో చేయగల పనుల పట్టిక తెర మీద పరుచుకుంటుంది. దానిలో మొదట నేర్వదగ్గది విండోస్ కీతో అంకె. టాస్క్‌బార్ మీద ఎడమ నుంచి మూడో ప్రోగ్రామ్ కావాలంటే విండోస్+3. రోజూ వాడే నాలుగు ప్రోగ్రాములను టాస్క్‌బార్‌కి పిన్ చేసి వాటి వరుసను ఇక మార్చకుండా ఉంచితే, ఆల్ట్+ట్యాబ్‌తో వెతుక్కునే పని సగానికి సగం తగ్గుతుంది. రెండోది విండోస్+వి. మొదటిసారి నొక్కినప్పుడు ఆన్ చేయమని అడుగుతుంది. ఆ తర్వాత ఇటీవల కాపీ చేసిన 25 దాకా అంశాలు జాబితాగా వస్తాయి. కంప్యూటర్ రీస్టార్ట్ చేస్తే పిన్ చేసినవి తప్ప మిగిలినవి పోతాయి. రెండు ఫైళ్ల మధ్య పదేపదే కాపీ చేసేవాళ్లకు ఇంతకన్నా ఎక్కువ సమయం మిగిల్చే షార్ట్‌కట్ విండోస్ మొత్తంలో లేదని గట్టిగా చెప్పవచ్చు.

పవర్‌టాయ్స్ మీద ఒక ఫిర్యాదు మాత్రం ఉంది. తన పరికరాల కోసం అది చాలా షార్ట్‌కట్లను ఆక్రమిస్తుంది. రంగు ఎంచుకునే పరికరానికి విండోస్+షిఫ్ట్+సి, బొమ్మలోని అక్షరాలు లాగేదానికి విండోస్+షిఫ్ట్+టి, ఒక విండోను ఎప్పుడూ పైనే ఉంచడానికి విండోస్+కంట్రోల్+టి. వీటివల్ల పెద్ద ఇబ్బంది లేదు. ప్రోగ్రాములను వెతికి తెరిచే పవర్‌టాయ్స్ రన్ తీసుకునే ఆల్ట్+స్పేస్ విషయం వేరు. అది విండోస్‌లో ఏళ్లుగా ఉన్న విండో మెనూ షార్ట్‌కట్. రెండో మానిటర్ తీసేశాక ఏదైనా విండో తెర బయట ఎక్కడో ఉండిపోతే, ఆల్ట్+స్పేస్, తర్వాత ఎం, ఆపై బాణం కీలతో దాన్ని లోపలికి లాక్కొస్తాం. విండో పెద్దదిగా పరుచుకుని ఉంటే ముందు ఆల్ట్+స్పేస్, ఆర్ నొక్కాలి, లేకపోతే ఎం పనిచేయదు. ఈ సౌకర్యం పోగొట్టుకోకండి. రన్ వాడితే దాని షార్ట్‌కట్‌ని వేరేదానికి మార్చుకోండి, వాడకపోతే ఆపేయండి. అలాగే మీకు అక్కర్లేని ప్రతి పరికరాన్నీ డ్యాష్‌బోర్డ్‌లో ఆఫ్ చేస్తే అన్ని కలయికలు మళ్లీ ఖాళీ అవుతాయి. కొత్త వెర్షన్లు రెండు షార్ట్‌కట్లు ఢీకొంటే సెట్టింగ్స్‌లో చూపిస్తున్నాయి. ఇది చాలా కాలం లేని సౌకర్యం, రావడం మంచిదైంది.

మొత్తం మీద ఐదుకి నాలుగు ఇవ్వదగ్గ పరికరం. తగ్గిన ఒకటీ లాగిన్ తెర, అడ్మినిస్ట్రేటర్ విండోల దగ్గర వదిలేసేందుకు. రోజుకు నాలుగైదు గంటలు టైప్ చేసేవాళ్లు, ఒకే కంప్యూటర్ మీద పనిచేసేవాళ్లు నిస్సంకోచంగా పెట్టుకోవచ్చు. రోజుకో కంప్యూటర్ మారేవాళ్లు షార్ట్‌కట్ గైడ్ చూసి ఉన్నవి నేర్చుకుని, కీలను అలాగే వదిలేయడం మంచిది.

పెట్టుకున్నాక జనరల్ పేజీలోని బ్యాకప్ బటన్ ఒకసారి నొక్కండి. సెట్టింగులు డాక్యుమెంట్స్ ఫోల్డర్ కింద దాచుకుంటుంది, కొత్త కంప్యూటర్‌లో అక్కడి నుంచి రిస్టోర్ చేయవచ్చు. ఏదో తప్పుగా మార్చి కీబోర్డ్ అడ్డం తిరిగితే కంగారు పడకండి. గడియారం పక్కనున్న పవర్‌టాయ్స్ గుర్తు మీద మౌస్‌తో కుడి క్లిక్ చేసి ఎగ్జిట్ అనండి. కీలన్నీ పాతలాగే పనిచేస్తాయి. మళ్లీ తెరిచాక కీబోర్డ్ మేనేజర్‌లోకి వెళ్లి మౌస్‌తోనే తప్పు వరుసను తీసేస్తే సరి.