ఎప్సన్ వి600 స్కానర్: ట్లింగిట్ కుటుంబాల ఫోటో పెట్టెలకు సరిపోతుందా?

ఆగ్నేయ అలాస్కా ఆదివాసులైన ట్లింగిట్‌ల ఇళ్ళలో వింటర్ అండ్ పాండ్ (జూనో, 1893) లాంటి స్టూడియోల పాత ప్రింట్లు, 35 ఎంఎం స్లైడ్లు, 1970ల నాటి రంగు ఫోటోలు ఉంటే వి600 చాలు. 4x5 అంగుళాల నెగెటివ్‌లు గానీ గాజు ప్లేట్లు గానీ ఉంటే దీని జోలికి పోకండి. మూతలోని లైటు సుమారు 6 సెంటీమీటర్ల వెడల్పు వరకే పడుతుంది. వాటికి ఎప్సన్‌దే పై మోడల్ వి850 కావాలి.

గాజుకి కాస్త ఎడంగా ఉన్నదాన్ని కూడా స్పష్టంగా పట్టే సీసీడీ సెన్సర్ కాబట్టి కొద్దిగా వంగిన ప్రింట్లను గాజుకి అదిమిపెట్టనక్కర్లేదు. 6400 డీపీఐ (అంగుళానికి చుక్కలు) అన్నది పెట్టె మీది మాట. నిజంగా పట్టే వివరం అందులో నాలుగో వంతే. స్లైడ్లకు 3200 దాటితే ఫైలు బరువు తప్ప ఏమీ పెరగదు. ప్రింట్లకు 600, అరచేతిలో పట్టే చిన్నవాటికి 1200. 8x10 ప్రింటు 600లో, 24-బిట్ రంగు టిఫ్ ఫైలుగా సుమారు 86 ఎంబీ.

స్కానర్‌తో వచ్చే ఎప్సన్ స్కాన్ సాఫ్ట్‌వేర్‌లోని థంబ్‌నెయిల్ ప్రివ్యూ ఫోటో అంచులు కోసేస్తుంది. స్టూడియో నంబరు, శీర్షిక ఉండేది సరిగ్గా అక్కడే. మామూలు ప్రివ్యూలో ఫోటో చుట్టూ కాస్త ఖాళీ వదిలి, స్కాన్ చేయాల్సిన భాగానికి గీత గీయండి. వెనక వైపు కూడా స్కాన్ చేయండి.

దుమ్ము, గీతలు తీసే డిజిటల్ ఐస్‌ని నలుపు-తెలుపు ఫిల్మ్‌కి వాడొద్దు. అది ఇన్‌ఫ్రారెడ్‌తో దుమ్ము వెతుకుతుంది. ఫిల్మ్‌లోని వెండి ఆ కిరణాల్ని అడ్డుకోవడంతో బొమ్మనే దుమ్మనుకుని అలికేస్తుంది.

వెలిసిన రంగుల్ని తిరిగి తెచ్చే కలర్ రెస్టొరేషన్ ఇంకా ప్రమాదం. ఎర్రబారిన ఫోటో ఒక్క నొక్కుతో బాగుపడినట్టే కనిపిస్తుంది గానీ, ట్లింగిట్‌లు నేసే చిల్కాట్ దుప్పటిలోని పసుపు, నీలి-ఆకుపచ్చ రంగులు సాఫ్ట్‌వేర్ ఊహించినవే అవుతాయి. తర్వాత ఆ ఫోటో చూసి నేసేవాళ్ళు ఏ రంగుని నమ్మాలి? మాస్టర్ కాపీని ఉన్నదున్నట్టు ఉంచి, దిద్దుబాటు నకలు మీద చేయండి.

జిగురు ఆల్బమ్ పేజీల నుంచి ఫోటోలు పీకొద్దు, పై పొర చిరుగుతుంది. పేజీ మొత్తాన్ని స్కాన్ చేయండి. గాజు ఏ4 కంటే కొంచెమే పెద్దది కాబట్టి పెద్ద పేజీకి రెండు స్కాన్లు తప్పవు.

ఎప్సన్ స్కాన్‌లో ఫోటో వివరాలు రాసే చోటు లేదు. దానికి డిజీకామ్ అనే ప్రోగ్రామ్ ఉంది, ఉచితం. అందులో ఇంటిపేరుతో ఆగితే ఫోటో తప్పు వంశం కింద చేరుతుంది: ట్లింగిట్‌లలో పిల్లలది తల్లి వంశం, ఇంటిపేరు చాలాసార్లు తండ్రిది. మనిషి పేరు, తల్లి వంశం, ఆ వంశంలోని ఇల్లు (శాఖ), ఒంటిమీది టోపీ లేదా దుప్పటి ఏ వంశానిదో వేర్వేరుగా రాయాలి. చిహ్నాలున్న వస్తువులు వంశం ఉమ్మడి సొత్తు కాబట్టి, ఫోటోని బయటపెట్టే ముందు ఆ వంశం పెద్దల్ని అడగాలి. ఏ ఫోటో ఎవరు చూడవచ్చో విడివిడిగా పెట్టుకునే వీలు, ఆదివాసీ సమాజాల కోసం చేసిన ముకుర్తు అనే వెబ్ ఆర్కైవ్ సాఫ్ట్‌వేర్‌లో ఉంది; అదీ ఉచితమే, కానీ సర్వర్ సంగతి తెలిసిన మనిషి ఒకరు కావాలి.

వి600కి నా మార్కులు: ప్రింట్లకు 5కి 4, స్లైడ్లకు 3.