పిల్లలతో వైజాగ్: ముందు పీత, తర్వాత అడవి, ఆఖర్న జూ

మార్చి రెండో వారంలో రాజమండ్రి నుంచి నాలుగు రోజులు వైజాగ్ వెళ్ళొచ్చాం, మా ఆయన, నేను, ఆరేళ్ళ పెద్దది, నాలుగేళ్ళ చిన్నోడు. కైలాసగిరి, సబ్‌మెరైన్ ఇంతకుముందే అయిపోయాయి, ఈసారి జంతువుల్నీ అవి బతికే చోట్లనీ పిల్లలకి చూపిద్దామనే వెళ్ళాం. చిన్నపిల్లలున్నవాళ్ళకి పనికొస్తుందని రాస్తున్నా.

మేం దిగింది సోమవారం, జూకి సోమవారం సెలవు. తునిలోనే పులి పులి అని మొదలెట్టిన పిల్లల్ని ఏం చెయ్యాలో తెలీక సాయంత్రం సాగర్‌నగర్ బీచ్‌కి తీసుకెళ్ళాం, ఇప్పుడనిపిస్తుంది అలా జరగడమే మంచిదైందని. చిన్నోడు ఇసకలో ఒక బొరియ ముందు కూలబడ్డాడు. కదలకుండా కూర్చోరా నాన్నా అంటే నిజంగానే కూర్చున్నాడు, కాసేపటికి రెండు కళ్ళు పైకొచ్చాయి, పుల్లల చివర మిరియాలు గుచ్చినట్టు, తర్వాత పీత మొత్తం పక్కకి పక్కకి జరుగుతూ బయటికొచ్చి, చంకలో పెట్టుకున్నట్టు ఇంత ఇసక తెచ్చి అవతల పారేసి మళ్ళీ లోపలికి. పదిసార్లు చూశాడు. ఇల్లు కట్టుకుంటోందమ్మా అన్నాడు. అరగంట ఫోన్ అడగలేదు, ఆకలి అనలేదు. నాలుగేళ్ళ పిల్లాడికి జంతువంటే ఏంటో చెప్పడానికి అంతకంటే మంచి పాఠం నాకైతే దొరకలేదు.

అక్కడే కొంచెం పక్కన వల కట్టిన చిన్న ఆవరణ, అటవీశాఖ వాళ్ళు సముద్ర తాబేళ్ళ గుడ్లు తెచ్చి పాతే చోటు. ఆలివ్ రిడ్లే తాబేళ్ళు చలికాలం నుంచి ఈ తీరానికొచ్చి రాత్రిపూట గుడ్లు పెడతాయి, ఒక్కో గూట్లో వంద పైనే ఉంటాయి, కుక్కలూ నక్కలూ తవ్వేస్తాయని ఏరి తెచ్చి లోపల పాతిపెడతారు, దాదాపు యాభై రోజులకి పిల్లలొస్తాయి. కాపలా ఆయన్ని అడిగితే బుధవారం తెల్లారి రమ్మన్నారు. అయిదున్నరకి వెళ్ళాం, చీకటింకా పూర్తిగా పోలేదు, టబ్బులో నల్లగా బొటనవేలంత పిల్లలు ఒకదానిమీద ఒకటి పాకుతున్నాయి. నీళ్ళల్లో వెయ్యకుండా కాస్త ఎగువనే ఇసకలో వదిలారు, నడిచే వెళ్ళాలట. ఒకటి మనిషి అడుగు పడ్డ గుంటలో చిక్కుకుపోయి తన్నుకుంటుంటే పెద్దది ఊపిరి బిగబట్టి చూసింది, ముట్టుకోవద్దన్నారని చేతులు వెనక్కి కట్టుకుని మరీ. వాళ్ళమ్మ ఎక్కడ అని అడిగింది. "అమ్మ గుడ్లెట్టేసి ఎల్లిపోద్ది పాపా, మళ్ళీ రాదు, ఈటికి సముద్రమే అమ్మ" అన్నారాయన. వీటిలో ఆడవి పెద్దయ్యాక గుడ్లు పెట్టడానికి మళ్ళీ పుట్టిన తీరం వైపే వస్తాయని కూడా చెప్పారు, ఆ మాటకి మా పెద్దదాని మొహం కొంచెం తేరుకుంది.

బస సంగతి ఇక్కడే చెప్పాలి. మొదటి రాత్రి బీచ్ పక్కనే ఉన్న ఒక రిసార్ట్‌లో దిగాం, పేరు రాయను, ప్రకృతి ఒడిలో అని ఫొటోలు చూసి బుక్ చేశాం. వెళ్తే రాత్రి పన్నెండు దాకా స్పీకర్లు, ఇసక మీదకి తిప్పిన ఫ్లడ్ లైట్లు, రిసెప్షన్ దగ్గర పంజరంలో రెండు రామచిలకలు, పిల్లలకోసమే పెట్టామండీ అన్నారు. రామచిలకని పంజరంలో పెట్టుకోవడం 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం నేరం, ఆ మాట అంటే నవ్వి ఊరుకున్నారు. నాకు బాగా కోపమొచ్చింది ఆ లైట్ల మీద, తాబేలు పిల్లలు వెలుతురు ఎటుంటే అటే సముద్రం అనుకుని వెళ్తాయి, లైట్లు ఒడ్డు వైపుంటే రోడ్డు మీదకొచ్చి చచ్చిపోతాయి. పొద్దున్నే ఖాళీ చేసి సాగర్‌నగర్‌లోనే వంటగది ఉన్న మామూలు అపార్ట్‌మెంట్‌కి మారిపోయాం. పిల్లలకి పెరుగన్నం కలుపుకోవచ్చు, బీచ్‌కీ జూ బీచ్‌రోడ్డు గేటుకీ దగ్గర. చిన్నపిల్లలుంటే నా ఓటు అలాంటిదానికే.

మంగళవారం పొద్దున్నే కంబాలకొండ. ఊరి అంచునే హైవే పక్కన దాదాపు 70 చదరపు కిలోమీటర్ల అడవి, 1970 నుంచి అటవీశాఖ చేతిలో ఉంది, ఇప్పుడు అభయారణ్యం, చిరుతపులులు కూడా ఉన్నాయి. అయితే చిరుత కనబడుతుందని పిల్లలకి చెప్పి మాత్రం తీసుకెళ్ళకండి, కనబడదు, వాళ్ళు డీలా పడిపోతారు. మేం ఈ ఇంట్లో ఎవరెవరు ఉంటారో కనిపెడదాం అని చెప్పి తీసుకెళ్ళాం. చెరువు గట్టున బురదలో దుప్పి గిట్టల గుర్తులు, నడిమికి చీలిన చింతగింజల్లా, పెద్దది వాటిలో వేలు పెట్టి కొలిచింది. దారి మీద ఎండిన పెంటికలు. ఎక్కడో నెమలి అరిచింది, కనబడలేదు. కనబడకపోయినా ఉంది కదమ్మా అన్నాడు చిన్నోడు. నీళ్ళూ టోపీ తప్పనిసరి, తొమ్మిదిన్నర దాటితే ఉక్కపోత, తిండి బ్యాగ్ బయటికి తీస్తే కోతులొస్తాయి.

గురువారం జూ. 1977లో మొదలైంది, 625 ఎకరాలు, మూడు వైపులా కొండలు, ఒక వైపు సముద్రం. ఇంత జూ పిల్లలతో మొత్తం నడవాలనుకోవద్దు, బ్యాటరీ బండిలో ఒక చుట్టు వేసి తర్వాత మూడే మూడు ఎన్‌క్లోజర్లు ఎంచుకున్నాం: నీటి ఏనుగు, పులి, రేచుకుక్కలు. రేచుకుక్కల దగ్గర తప్పకుండా ఆగండి, చాలామంది ఊరకుక్కలనుకుని దాటిపోతున్నారు, ఎర్రటి ఒళ్ళు, నల్లటి కుచ్చు తోక, గుంపుగా వేటాడతాయి, ఈల వేసినట్టు ఒకదాన్నొకటి పిలుచుకుంటాయి. అడవుల్లో తగ్గిపోతున్నాయని వీటి సంతతి పెంచే కేంద్రం ఇక్కడే పెట్టారు. పులి దగ్గర ఎవరో పిల్లాడిని భుజాలెక్కించుకుని అరిపిస్తున్నారు, గర్జించమని. మా పెద్దది వాళ్ళ దగ్గరికెళ్ళి అంకుల్, కూర్చుని చూస్తే అదే వస్తుంది అంది. నేను నేర్పిన మాట కాదది, పీత దగ్గర నేర్చుకున్నదే.

పక్షులొచ్చే చెరువు కొండకర్ల ఆవకి ఈసారి వెళ్ళలేదు, ఊరికి యాభై కిలోమీటర్లుంటుంది, వలస పక్షులకి డిసెంబరు, జనవరి మేలు. తాటి దోనెల్లో తిప్పుతారు, చిన్నోడు ఇంకో ఏడాది పెరిగాక చూద్దాం.

ఆ తాబేళ్ళ ఆవరణలో ఒక గూటి మీద మార్చి 8 అని తేదీ రాసున్న పలక ఉంది. దానికి యాభై రోజులు కలిపితే ఏప్రిల్ 27 అని పెద్దది ఇంటికొచ్చి లెక్కేసి, క్యాలెండర్‌లో ఎర్ర స్కెచ్ పెన్నుతో సున్నా చుట్టింది. రైలు టికెట్లు ఉన్నాయేమో చూడమని రోజూ వాళ్ళ నాన్నని అడుగుతోంది.