రూ.1,499 కట్టి పాప పేరుకి అర్థం తెలుసుకున్నాం: ఒక ఆన్‌లైన్ నామకరణ సర్వీస్ గురించి

తెనాలిలో మాది డీటీపీ, జిరాక్స్ షాపు. 16 ఏళ్లుగా శుభలేఖలు, బారసాల కార్డులు, గుళ్లో పంచిపెట్టే స్తోత్రాల చిన్న పుస్తకాలు కంపోజ్ చేస్తున్నాను. పిల్లల పేర్లు రోజూ నా చేతి మీదుగానే వెళ్తాయి. అందుకే మా తమ్ముడికి కూతురు పుట్టగానే "అక్కా, పేరు సంగతి నువ్వే చూడు" అన్నాడు. మేనత్తని కదా, అడగకపోయినా చూసేదాన్నే.

పాప కృత్తిక మొదటి పాదంలో పుట్టింది. పంచాంగం ప్రకారం ఆ నక్షత్రానికి అ, ఈ, ఉ, ఏ. మొదటి పాదం కాబట్టి అ అక్షరం. మా మరదలు కడుపుతో ఉన్నప్పుడే, ఆడపిల్ల పుడితే అపర్ణ అని పెట్టుకుందామనుకుంది. వాళ్లమ్మగారు శుక్రవారం శుక్రవారం లలితా సహస్రనామం చదువుతుంటే చిన్నప్పటి నుంచి విన్న పేరట. అక్షరం కూడా కలిసొచ్చింది. అక్కడితో అయిపోవాల్సింది. మా తమ్ముడు ఫోన్‌లో ఒక ప్రకటన చూసి, ఎందుకైనా మంచిదని ఆ సర్వీస్‌కి రూ.1,499 కట్టాడు. ఆ కంపెనీ పేరు ఇక్కడ రాయను. ఇలాంటివి చాలా ఉన్నాయి, కొనేముందు ఏం చూసుకోవాలో చెప్పడమే నా ఉద్దేశం.

ఆ ప్యాకేజీలో ఇచ్చేవి ఇవీ: నక్షత్రానికి సరిపోయే 25 పేర్లు, ప్రతి పేరుకీ మూలం, అర్థం, న్యూమరాలజీ స్కోరు, మనం ఎంచుకున్న పేరుతో ఒక సర్టిఫికెట్. మన మనసులో ముందే ఒక పేరుంటే దాన్ని కూడా పరీక్షించి చెబుతారు.

బాగున్నవి ముందు చెప్తాను. సాయంత్రం వివరాలు పంపితే మర్నాడు పొద్దున్నే వాట్సాప్‌లో పీడీఎఫ్ వచ్చింది. నక్షత్రం, పాదం సరిగ్గా కట్టారు, నేను మా ఇంట్లో గంటల పంచాంగంతో సరిచూశాను. ఫోన్ చేస్తే తెలుగులో మర్యాదగా మాట్లాడారు. జాబితాలో అన్విత, అవని, అనఘ, అదితి లాంటి చక్కటి పేర్లు ఉన్నాయి, వాటి అర్థాలు కూడా సరిగ్గానే రాశారు.

అనైరా అనే పేరు పక్కన "మూలం: సంస్కృతం, అర్థం: సంతోషం" అని ఉంది. నేను చూసిన ఏ సంస్కృత నిఘంటువులోనూ ఆ మాట లేదు. ఇది ఈ ఒక్క సర్వీస్ జబ్బు కాదు. మా షాపులో సహస్ర అనే పేరుతో ఎన్ని బారసాల కార్డులు కొట్టానో లెక్కలేదు. వచ్చిన తల్లిదండ్రుల్లో సగం మంది "కొత్త ఆరంభం అని అర్థమండీ" అని చెబుతారు. సహస్ర అంటే వెయ్యి. సహస్రనామంలో ఉన్న సహస్రమే అది. వెయ్యి రేకుల సహస్రార పద్మం ఉంది, వెయ్యి కిరణాల సూర్యుడున్నాడు, ఆ పేరు పెట్టుకోవడానికి ఇంతకంటే అందమైన కారణాలు ఏం కావాలి? ఎవరో అల్లిన "కొత్త ఆరంభం" ఎందుకు? పేరు బాగోలేదని కాదు, ఉన్న మంచి అర్థం పోయి లేనిది వచ్చి చేరిందని నా బాధ.

అసలు దెబ్బ అపర్ణ దగ్గర తగిలింది. సర్టిఫికెట్ నమూనాలో పేరే "అపర్న" అని వేశారు. ణ లేదు. పర్ణం అంటే ఆకు, ఆ మాటలో ణ పోతే ఇంక మిగిలేదేముంది? అచ్చు పని చేసేదాన్ని కాబట్టి మొదట నా కన్ను అక్కడే పడింది. దాని కింద ఇలా ఉంది: "అర్థం: ఆకులు లేనిది. ఎండిన చెట్టును సూచిస్తుంది. స్కోరు 41. సిఫారసు చేయడం లేదు." తప్పదనుకుంటే ఇంగ్లీషు స్పెల్లింగ్‌లో చివర ఇంకొక ఏ చేర్చుకోమని సలహా. మరో రూ.799 కడితే "పరిహార నామం" ఇస్తారట, ఆ ఆఫర్ 48 గంటలే ఉంటుందట.

ఆ కాగితం మా మరదలి వాళ్లమ్మగారి కంట పడింది. "పచ్చగా పెరగాల్సిన పిల్లకి ఎండిన చెట్టు పేరెందుకమ్మా" అన్నారావిడ. ఇన్నేళ్లుగా ఆ నామం నోటితో చదువుతున్న మనిషే, అచ్చులో చూసేసరికి భయపడిపోయారు. మరదలు పచ్చి బాలింత. ఏమీ మాట్లాడకుండా గోడవైపు తిరిగి పడుకుంది. ఇల్లంతా టెన్షన్. బారసాల ఇంకో పది రోజుల్లో ఉంది.

ఆ రాత్రి షాపు మూసేశాక నా కంప్యూటర్ ముందు కూర్చున్నాను. కిందటేడు ఒక భజన బృందం వాళ్లకి లలితా సహస్రనామం పుస్తకం కంపోజ్ చేశాను. అచ్చు పనికి వాడే అను ఫాంట్‌లో కొట్టిన ఫైల్ అది, ఫోన్లలో వాడే మామూలు యూనికోడ్ తెలుగులో వెతికితే దొరకదు, అదే ఫాంట్‌లో అక్షరాలు కొట్టి వెతకాలి. వెతికాను. దొరికిన చోటు ఇది: "మహేశ్వరీ మహాకాళీ మహాగ్రాసా మహాశనా, అపర్ణా చండికా చండముండాసుర నిషూదినీ." నా చేత్తో కొట్టిన లైనే, కానీ కొట్టినప్పుడు ఒత్తులూ దీర్ఘాలూ చూసుకున్నాను తప్ప అర్థం చూడలేదు. మహాగ్రాస అంటే పెద్ద ముద్ద మింగేది. మహాశన అంటే సృష్టినంతా ఆరగించేది. ఆ రెండు నామాలు అవగానే అపర్ణ. అన్నీ తినేసే తల్లే ఆకు కూడా ముట్టని తల్లి! ఆ రెండింటినీ పక్కపక్కన పెట్టిన వాళ్లకి ఈ మాట బరువు ఎంతో తెలుసు.

మర్నాడు మా షాపుకి ఎప్పుడూ వచ్చే ఒక రిటైర్డ్ సంస్కృతం మాస్టారికి ఆ పీడీఎఫ్ చూపించాను. ఆయన చదివి, ఏమీ అనకుండా ఇంటికెళ్లి కాళిదాసు కుమారసంభవం తెచ్చారు. మల్లినాథ సూరి వ్యాఖ్యతో ఉన్న పుస్తకం. మల్లినాథుడు మన మెదక్ జిల్లా కొల్చారం వాడని నాకు ఆ రోజే తెలిసింది. ఐదో సర్గ తీసి, జిరాక్స్ మిషన్ పక్కన స్టూల్ మీద కూర్చుని చదివి చెప్పారు.

శివుణ్ని పొందాలని పార్వతి తపస్సుకి కూర్చుంది. ఎండాకాలంలో చుట్టూ నాలుగు మంటలు పెట్టుకుని సూర్యుణ్ని చూస్తూ నిలబడింది. చలికాలం రాత్రుళ్లు నీళ్లలో గడిపింది. చెట్టు నుంచి వాటంతటవి రాలిన ఆకులు తిని బతకడం తపస్సుకి ఆఖరి మెట్టు అంటారు. ఆమె వాటిని కూడా వదిలేసింది. అందుకే "వదంత్యపర్ణేతి చ తాం పురావిదః" అన్నాడు కాళిదాసు. పాత కథలు తెలిసినవాళ్లు ఆమెను అపర్ణ అంటారని. ఆకులు లేని చెట్టు అనే మాట ఆ శ్లోకంలో ఎక్కడా లేదు. ఆకును కూడా ఆహారంగా తీసుకోని అమ్మాయి ఉంది, అంతే. ఆ సర్గ చివర శివుడు వచ్చి, నీ తపస్సుతో నన్ను కొనేసుకున్నావు, ఈ రోజు నుంచి నీకు దాసుణ్ని అంటాడు. ఆ మాట తెలుగులో చెబుతూ మాస్టారు కాసేపు ఆగారు. నేను కూడా జిరాక్స్ ఆపేశాను.

హరివంశంలో ఇంకో ముచ్చట ఉందని చెప్పారు. హిమవంతుడికీ మేనకీ ముగ్గురు కూతుళ్లట: అపర్ణ, ఏకపర్ణ, ఏకపాటల. ముగ్గురూ తపస్సు చేశారు. ఒకామె ఒక్క ఆకుతో, ఒకామె ఒక్క పాటల పువ్వుతో సరిపెట్టుకున్నారు. పెద్దది ఏదీ తినలేదు. కడుపు మాడ్చుకుంటున్న కూతుర్ని చూసి తల్లి "ఉ, మా" అంది. మా అంటే సంస్కృతంలో వద్దు అని. అలా ఆమెకే ఉమ అనే పేరు కూడా వచ్చింది. ఒకే పిల్లకి రెండు పేర్లు: అపర్ణ ఆమె పట్టుదల, ఉమ వాళ్లమ్మ బెంగ. ఈ సంగతి మరదలి వాళ్లమ్మగారికి చెప్పినప్పుడు ఆవిడ కళ్లు తుడుచుకున్నారు.

ఎండిన చెట్టు మాట ఎక్కడి నుంచి వచ్చిందో కూడా మాస్టారే చెప్పారు. శంకరాచార్యుల పేరు మీద ఉన్న ఆనందలహరిలో ఒక శ్లోకం ఉంది. ఆకులున్న తీగని ఎవరైనా ఆశ్రయిస్తారు, నాకు మాత్రం ఆకులేని ఆ ఒక్క తీగనే కొలవాలని ఉంది, ఆమె అల్లుకుంటే పాత మోడు కూడా మోక్షమనే పండు కాస్తుంది అని దాని భావం. స్థాణువు అంటే మోడు, శివుడికి కూడా అదే పేరు. అంటే ఆ శ్లోకంలో మోడు శివుడు. ఆమె ఆ మోడుని పండించే తీగ. సర్వీస్ వాళ్ల దగ్గరికొచ్చేసరికి మొత్తం తిరగబడింది.

మరో అర్థం విని మా తమ్ముడు లేచి కూర్చున్నాడు. లలితా సహస్రనామానికి భాస్కరరాయలు రాసిన వ్యాఖ్యలో అప, ఋణ అని కూడా విడదీశారు. ఋణం లేనిది. మహా, ఋషి కలిస్తే మహర్షి అయినట్టే, బడిలో చదువుకున్న గుణసంధే. హోమ్ లోన్ కడుతున్నవాడు కాబట్టి వాడికి ఇది అన్నిటికన్నా నచ్చింది.

ఇక "లేనిది" అనే అర్థం ఉంటే అశుభమనే లెక్క. అదే పీడీఎఫ్‌లో అనఘకి 88 స్కోరు ఇచ్చారు. అనఘ అంటే పాపం లేనిది. అదితి అంటే హద్దు లేనిది. అసూయ లేనిది అనసూయ, మురికి లేనిది అమల. వీటన్నిటిలో ఉన్న అకారమే అపర్ణలో ఉంది. పర్ణం మాత్రం ఏం చెడ్డ మాట? భద్రాచలం దగ్గర పర్ణశాల మనందరికీ తెలుసు. పర్ణానికి రెక్క అనే అర్థం కూడా ఉంది, గరుత్మంతుణ్ని సుపర్ణుడు అనేది అందుకే.

ఇవన్నీ ఫొటోలు తీసి ఆ సర్వీస్ వాళ్లకి పంపాను. మూడు రోజులకి జవాబు వచ్చింది. ణ సరిచేసి కొత్త సర్టిఫికెట్ ఉచితంగా పంపారు, దానికి సంతోషం. అర్థం మాత్రం "మా డేటాబేస్ ప్రకారం సరైనదే" అన్నారు. ఆ డేటాబేస్ ఏ పుస్తకం నుంచి తయారైందని రెండుసార్లు అడిగాను, చెప్పలేదు. పీడీఎఫ్ పంపేశారు కాబట్టి డబ్బు వాపసు లేదన్నారు.

మీరు ఇలాంటిది కొనాలనుకుంటే, డబ్బు కట్టకముందే ఒక పేరు చెప్పి అది ఏ గ్రంథంలో, ఏ నిఘంటువులో ఉందో అడగండి. చెప్పగలిగితే కొనండి. అక్షరం కోసమైతే పంచాంగం చాలు. అమ్మవారి పేర్ల కోసమైతే పాత సంస్కృత నిఘంటువు అమరకోశం మొదటి కాండలో ఉమా, కాత్యాయనీ, గౌరీ అని మొదలై పార్వతి పేర్లు వరసగా ఉన్నాయి, అపర్ణా అనేది అక్కడా ఉంది. 48 గంటల ఆఫర్లకి కంగారు పడొద్దు. జననం మాత్రం 21 రోజుల్లో నమోదు చేయించాలి, పేరు అప్పటికి తేలకపోతే ఏడాదిలోపు ఫీజు లేకుండా చేర్పించుకోవచ్చు. కంగారులో ఒక స్పెల్లింగ్ రాయించి, తర్వాత దిద్దుబాటు కాగితాలతో మా షాపుకి వచ్చే తల్లిదండ్రుల్ని రోజూ చూస్తున్నాను కాబట్టి చెప్తున్నాను.

21వ రోజున బారసాల అయింది. పళ్లెంలో బియ్యం పోసి తమ్ముడు ఉంగరంతో పేరు రాశాడు. ర్ణ దగ్గర బియ్యం జారి గీత కలిసిపోతే, మరదలి వాళ్లమ్మగారే బియ్యం సర్ది "ణ సరిగ్గా రాయి బాబూ" అన్నారు. వచ్చినవాళ్లకిచ్చే సంచుల్లో పెట్టడానికి చిన్న కార్డు నేనే కొట్టాను. ఒకవైపు పాప పేరు, రెండోవైపు కాళిదాసు శ్లోకం, కింద నాలుగు లైన్లలో తెలుగులో అర్థం.

సర్వీస్‌కి నా రేటింగ్ 5కి 2. చెప్పిన టైముకి పంపినందుకు ఒకటి, నక్షత్రం సరిగ్గా కట్టినందుకు ఒకటి. అర్థాలకి ఏమీ ఇవ్వలేను.