జేబు రివాల్వర్: నల్లపూత ఉక్కా, స్టెయిన్‌లెస్ ఉక్కా?

కోనసీమలో, ముఖ్యంగా అంతర్వేది వైపు ఉప్పుగాలి తగిలే ఊళ్లలో, లైసెన్సు పొంది రివాల్వర్‌ను రోజూ జేబులో ఉంచుకునేవారికి కాల్పుల వల్ల కలిగే అరుగుదల కన్నా చెమట వల్ల పట్టే తుప్పే పెద్ద బెడద.

బ్లూయింగ్ అని పిలిచే నల్లపూత నిజానికి రంగు కాదు. ఉక్కు ఉపరితలాన్నే రసాయనికంగా మాగ్నటైట్ అనే ఐరన్ ఆక్సైడుగా మార్చగా ఏర్పడిన అతి పలుచని పొర. అది నూనెను పట్టి ఉంచినంత కాలమే కాపాడుతుంది కనుక, జేబుగుడ్డ రాపిడికి గొట్టం మూతి, తూటాలు పట్టే సిలిండర్ అంచులు తెల్లబడిన చోట శ్రావణమాసపు తేమలో ఒక్క రాత్రికే ఎర్రటి మచ్చ కనిపించవచ్చు. స్టెయిన్‌లెస్ ఉక్కులో కనీసం 10.5 శాతం క్రోమియం ఉండటం వల్ల గీత పడినా రక్షణపొర దానంతట అదే తిరిగి ఏర్పడుతుంది. ఈ ప్రాంతానికి నేను దీనినే ఎంచుకోమంటాను. అయినా చెమటలోని క్లోరైడు దానిని సైతం సన్నని గుంటలుగా తినగలదు.

జేబుగుడ్డ నుంచి ఆయుధంలోకి చేరే నూలుపోగుల విషయంలో రెండూ ఒకటే. వారానికొకసారి తూటాలు తీసి, సిలిండర్‌లోని తూటా గదులన్నీ ఖాళీ అయ్యాయని ఒకటికి రెండుసార్లు చూసుకుని, సిలిండర్ వెనుక భాగాన్ని బ్రష్షుతో శుభ్రపరచి, పలుచగా నూనె రాయాలి. నూనె ఎక్కువైతే పోగులు ముద్దకడతాయి. తోలు ఒర తేమను పట్టి ఉంచుతుంది కాబట్టి, ఇంట్లో దాచేటప్పుడు ఆయుధాన్ని అందులో ఉంచరాదు.