మసీనా మోటెల్, అక్వెసాస్నే బుట్ట

2018 అక్టోబరులో న్యూజెర్సీలోని బావగారింటికి వెళ్లి, కెనడాలోని ఆటవాకి తిరిగొస్తున్నాం. పోయేటప్పుడు చెప్పుకోదగ్గ విశేషమేమీ లేదు. వచ్చేటప్పుడు చీకటి పడిందని న్యూయార్క్ రాష్ట్రం అంచున, మసీనా దగ్గర ఒక మోటెల్‌లో దిగాం. గదికి 118 డాలర్లు. హీటర్ పనిచేయలేదు. ఇంకో దుప్పటి అడిగితే పది డాలర్లు వసూలు చేశారు, అదీ ముక్కిన వాసన. అత్తయ్య స్వెటర్ వేసుకుని తెల్లవార్లూ కూర్చునే ఉన్నారు. పొద్దున కాఫీ కూడా ముట్టలేదు. చీకటి పడకముందే గది చూసుకుని డబ్బు కట్టండి.

అత్తయ్య ముఖం మళ్లీ విప్పారింది హోగన్స్‌బర్గ్‌లో. 37వ నంబరు రోడ్డు మీద అక్వెసాస్నే అనే ఊరి మోహాక్ ఆదివాసుల సాంస్కృతిక కేంద్రం ఉంది. బ్లాక్ యాష్ చెట్టు బద్దలతో, స్వీట్‌గ్రాస్ అనే సువాసన గడ్డితో అల్లిన బుట్టలు చూసి, "మన మేదరవాళ్ల పనిలా ఉంది కదమ్మా!" అన్నారు. అరచేతిలో పట్టే బుట్ట 45 డాలర్లకు కొన్నాం. దయచేసి బేరమాడకండి. దుంగను బాది బాది పొరలు విడదీస్తే గాని ఆ బద్దలు రావు.

అక్కడ ఒక పెద్దావిడ కలిశారు. ఆవిడ ఇల్లు సరిహద్దులోని సెయింట్ లారెన్స్ నది మధ్య, కెనడా వైపున్న కార్న్‌వాల్ ద్వీపంలో. వాళ్ల ఊరు ఒకటే, కానీ ఒంటారియో, క్విబెక్, న్యూయార్క్‌ల మధ్య ముక్కలైంది. అమెరికా, బ్రిటన్‌ల మధ్య 1794లో కుదిరిన జే ఒప్పందం ప్రకారం సుంకం లేకుండా సరిహద్దు దాటే హక్కు తమదని వాళ్లంటారు, కెనడా ఒప్పుకోదు. అందుకే 1968 డిసెంబరులో ద్వీపం మీదుగా రెండు దేశాలనూ కలిపే వంతెన దారికి అడ్డంగా నిలబడి అరెస్టయ్యారు. నాయకుడు మైక్ మిచెల్ 1988లో వాషింగ్ మెషీన్, దుప్పట్లు, తిండి సరుకులు తీసుకెళ్తూ సుంకం కట్టనన్నారు. 2001లో కెనడా సుప్రీంకోర్టు ఆయన వాదన తోసిపుచ్చింది. 2009లో ద్వీపంలోని చెక్‌పోస్టులో కెనడా సరిహద్దు అధికారులకు తుపాకులు ఇస్తామంటే అక్కడ నిరసన లేచింది. వంతెన వారాల తరబడి మూతపడి, చెక్‌పోస్టు అవతలి ఒడ్డున కార్న్‌వాల్ నగరానికి మారింది.

దాంతో ఆ పెద్దావిడ అమెరికా వైపు సరుకులు కొనుక్కుంటే, సొంతింటిని దాటి కార్న్‌వాల్ దాకా పోయి, అక్కడి అధికారులకు చెప్పుకుని, మళ్లీ వెనక్కి రావాలి. ఇది అన్యాయం కాక ఇంకేమిటి?

ఆ దారిలోనే మేమూ వెళ్లాం. ద్వీపంలో ఇళ్లు పక్కనే కనిపిస్తున్నా ఆగకూడదు. కార్న్‌వాల్ చెక్‌పోస్టు ముందు యాభై నిమిషాల క్యూ. మా వారికి విసుగొచ్చి స్టీరింగ్ మీద దరువేస్తున్నారు. అత్తయ్య ఒళ్లో బుట్ట పెట్టుకుని వెనక్కి తిరిగి చూస్తూ, "ఆవిడ పాల ప్యాకెట్‌కి వెళ్లినా ఇంతేనా?" అన్నారు.