ప్రైవేటీకరణ వోచర్: దాదాపు ఫ్రీగానే ఇచ్చారు, వాడటమే ఎవరికీ తెలీలేదు

సోవియట్ కూటమి కూలిపోయాక ఆ దేశాల్లోకి కొత్తగా వచ్చిన సరుకుల్లో నాకు అన్నిటికంటే ఆసక్తి కలిగించేది జీన్సులూ కోలాలూ కాదు, ప్రైవేటీకరణ వోచర్: ప్రభుత్వ కంపెనీల్లో వాటాగా మార్చుకోవడానికి జనానికి ఇచ్చిన కాగితం. దేశమంతా ఒకేసారి పంచారు, మీద గడువు తేదీ ఉంది, ఆ లోపు వాడకపోతే చిత్తుకాగితం. రష్యా, చెకోస్లొవాకియా, పోలండ్, మంగోలియా ఒక్కొక్కరూ ఒక్కో మోడల్ తీశారు. ఈ రివ్యూ ఎక్కువ భాగం రష్యా మోడల్ గురించే ఉంటుంది, ఎందుకంటే ఎక్కువమంది చేతుల్లోకి వెళ్లిందీ, ఎక్కువ తిట్లు తిన్నదీ అదే.

1992 అక్టోబర్ 1 నుంచి ఇవ్వడం మొదలుపెట్టారు. పసిపిల్లలతో సహా మనిషికొకటి, ప్రభుత్వ సేవింగ్స్ బ్యాంకుకి వెళ్లి 25 రూబుళ్లు కట్టి తెచ్చుకోవాలి. కాగితానికైతే వంక పెట్టలేం. కరెన్సీ నోటులాగే అచ్చేశారు, మీద 10,000 రూబుళ్లు అని అంకె, మాస్కో వైట్ హౌస్ (అప్పటి పార్లమెంటు భవనం) బొమ్మ, 1993 డిసెంబర్ 31 దాకా చెల్లుతుందని తేదీ. గడువు ఇంకా ఉండగానే, 1993 అక్టోబర్ 4న, అధ్యక్షుడు యెల్త్సిన్‌కీ పార్లమెంటుకీ గొడవ ముదిరి ఆ బొమ్మలో ఉన్న బిల్డింగ్ మీదే ట్యాంకులతో కాల్పులు జరిపారు, పై అంతస్తులు మసిబారిపోయాయి. వోచర్లు మాత్రం చెల్లుతూనే ఉన్నాయి, గడువు కూడా 1994 వేసవి దాకా పొడిగించారు.

ఇంకో ముఖ్యమైన ఫీచర్: దాని మీద పేరు ఉండదు. ఎవరి చేతిలో ఉంటే వాళ్లదే, కాబట్టి అమ్ముకోవచ్చు. ఇది మంచిదా చెడ్డదా అనేది మీరు ఎవరన్నదాన్ని బట్టి ఉంటుంది. 1992 జనవరి 2న ఆర్థిక సంస్కరణలు నడిపిన గైదార్ ప్రభుత్వం చాలా ధరల మీద కంట్రోల్ ఒక్క దెబ్బకి ఎత్తేసింది, ఆ ఏడాదిలో ధరలు సుమారు 26 రెట్లయ్యాయి. జీవితాంతం బ్యాంకులో దాచుకున్నది కళ్లముందే కరిగిపోయింది. ఆ పరిస్థితిలో ఉన్న పెన్షనర్ చేతిలో ఒక కాగితం పెట్టి, ఇది ఏ ఫ్యాక్టరీలో వాటాగా మార్చుకుంటే పదేళ్లకి లాభమో ఆలోచించుకో అంటే ఏం ఆలోచిస్తుంది? వంటింట్లోకి ఏం కావాలో ఆలోచిస్తుంది. స్టేషన్ల దగ్గరా మెట్రో దారుల్లోనూ 'వోచర్లు కొంటాం' అని అట్టముక్క మెడలో వేసుకుని నిలబడ్డవాళ్లకి అమ్మేసేవారు, వోడ్కా సీసాలకి మార్చుకున్నవాళ్లూ ఉన్నారు. 1992 చివరికి డాలరుకి 400 రూబుళ్ల పైమాటే కాబట్టి, ముఖ విలువ చొప్పున చూసినా అది పాతిక డాలర్ల కాగితం, మార్కెట్లో అంత కూడా పలకలేదు. ప్రైవేటీకరణ నడిపిన చుబైస్ మాత్రం దీని విలువ రెండు వోల్గా (అక్కడి ఖరీదైన సోవియట్ కారు) కార్లంత అవుతుందని చెప్పాడు. ఆ మాట ఆయన్ని ఇప్పటికీ వదల్లేదు.

అమ్ముకోనివాళ్ల సంగతి. వోచర్‌ని సొంత ఫ్యాక్టరీ వాటాల్లో పెట్టొచ్చు, వేలంలో వేరే కంపెనీ మీద పెట్టొచ్చు, లేదా అందరి వోచర్లూ పోగేసి వాటాలు కొనే వోచర్ ఫండ్‌లో వేయొచ్చు. ఫండ్లు 600 దాకా పుట్టుకొచ్చాయి, చాలా వాటి ఆఫీసుకి తర్వాత వెళ్తే తాళం. వేలంలో పెడదామంటే ఏ కంపెనీ ఏంటో తెలిసే దారి లేదు. అప్పటిదాకా ఫ్యాక్టరీ ఎంత తయారు చేయాలో పైనుంచి ప్లాన్ వచ్చేది, సరుకు ధర పైనుంచి వచ్చేది, ముడిసరుకు ఎక్కడినుంచి తెచ్చుకోవాలో కూడా పైవాళ్లే చెప్పేవారు. ఇక లాభనష్టాల లెక్క చూసి కంపెనీని అంచనా వేయడం ఎలా, ఆ లెక్కలే అబద్ధపు ధరలతో రాసినవి అయినప్పుడు? గ్యాస్ కంపెనీ గాజ్‌ప్రోమ్ ఉదాహరణ ఒక్కటి చాలు: ఏ ప్రాంతం వాళ్ల వేలం ఆ ప్రాంతంలోనే, మాస్కోలో వోచర్‌కి కొన్ని పదుల షేర్లే వస్తే పెర్మ్ లాంటి చోట వేలల్లో వచ్చాయి. అదే కాగితం, అదే కంపెనీ.

ఫ్యాక్టరీ లోపల ఏముందో నిజంగా తెలిసినవాడు ఒక్కడే, డైరెక్టర్. ఎక్కువ ఫ్యాక్టరీలు ఎంచుకున్న పద్ధతిలో 51 శాతం వాటా పనివాళ్లకీ మేనేజర్లకీ కలిపి దక్కుతుంది. వినడానికి బాగానే ఉంది కదా. కానీ జీతం నెలల తరబడి అందని పనివాడి వాటా కొనేది ఎవరు, డైరెక్టరో అతని మనుషులో. వాటాదారుల రిజిస్టర్ చాలాచోట్ల ఫ్యాక్టరీలోనే, ఆయన బీరువాలోనే ఉండేది. 1994లో క్రాస్నొయార్స్క్ అల్యూమినియం ఫ్యాక్టరీలో బయటి పెట్టుబడిదారుల వాటాని రిజిస్టర్‌లోంచి ఏకంగా కొట్టేశారు, అంత పెద్ద వాటాకే దిక్కులేనప్పుడు ఒక్క వోచర్ పెట్టిన మనిషి ఎక్కడికెళ్లి అడుగుతాడు?

ఇక్కడ నాకు అనిపించేది ఒకటుంది. ఈ ప్రొడక్ట్‌కి కస్టమర్ జనం అనుకుని రేటింగ్ ఇస్తున్నాం కాబట్టి ఒక స్టార్ వస్తోంది. అసలు కస్టమర్ సంస్కర్తల ప్రభుత్వమే. వాళ్లకి కావాల్సింది వేగం, మళ్లీ పాత వ్యవస్థకి పోవడానికి వీల్లేకుండా చేయడం. పార్లమెంటు అడ్డుపడుతుంటే, డైరెక్టర్లు ఎదురు తిరిగితే అన్నీ ఆగిపోతాయనుకున్నప్పుడు, డైరెక్టర్లని మంచి చేసుకునే స్కీమ్ పెట్టారు. ఆ లెక్కన చూస్తే వోచర్ చెప్పిన పని చేసింది, రెండేళ్లు తిరక్కుండా వేల ఫ్యాక్టరీలు ప్రభుత్వ ఆస్తి కాకుండా పోయాయి. చమురు, నికెల్ లాంటి అసలైన బంగారు గుడ్లని 1995లో 'అప్పులకి వాటాలు' స్కీమ్‌లో, ప్రభుత్వానికి అప్పిచ్చి వాటాలు తాకట్టు పెట్టుకున్న బ్యాంకర్లకి ఇచ్చేశారు, నోరిల్స్క్ నికెల్‌లో 38 శాతం 170 మిలియన్ డాలర్లకి. దానికి వోచర్ కూడా అక్కర్లేకపోయింది.

చెకోస్లొవాకియా (చెక్) మోడల్ డిజైన్ నిజంగా బాగుంది, ఒప్పుకోవాలి. ఫ్రీ కాదు: కూపన్ పుస్తకం, స్టాంపు కలిపి 1,035 కొరునాలు, సుమారు వారం జీతం. డబ్బు కట్టారు కాబట్టి జాగ్రత్తగా చూసుకున్నారు. అందులో 1,000 పాయింట్లుంటాయి, కంపెనీల మీద పందెం వేయాలి, ఒక కంపెనీకి మరీ ఎక్కువమంది ఎగబడితే దాని ధర పెంచి మళ్లీ రౌండు. ధర అనేది ఎలా పుడుతుందో జనానికి చేసి చూపించినట్టే. మొదట్లో ఎవరూ పెద్దగా పట్టించుకోలేదు, తర్వాత విక్టర్ కొజెనీ అనే కుర్రాడు తన ఫండ్‌కి పాయింట్లు ఇస్తే ఏడాది మీద ఒక్కరోజుకి పది రెట్లు ఇస్తానని టీవీలో ఊదరగొట్టాడు, అంతే, క్యూలు. 85 లక్షల మంది చేరారు. కొజెనీ తర్వాత దేశం వదిలి బహామాస్‌లో తేలాడు. మిగతా పెద్ద ఫండ్లలో చాలావాటిని నడిపింది బ్యాంకులు, ఆ బ్యాంకుల్లో పెద్ద వాటా ప్రభుత్వానిది. అంటే ప్రైవేటీకరణ చేసిన కంపెనీకి చుట్టూ తిరిగి ఓనర్ మళ్లీ ప్రభుత్వమే! ఎవరికీ చెందని కంపెనీల్లోంచి ఆస్తులు మెల్లగా బయటికి తోడేశారు. రెండున్నర స్టార్లు, డిజైన్‌కి.

మంగోలియా 1991లోనే ఎర్ర, నీలి వోచర్లని రెండు రకాలిచ్చింది, ఎర్రవి చిన్న దుకాణాలకీ పశువులకీ, నీలివి పెద్ద కంపెనీలకి. ఉలాన్‌బాతర్‌లో ఒకప్పటి పిల్లల సినిమా హాలుని స్టాక్ ఎక్స్చేంజ్ చేశారు. మేకలూ గొర్రెలూ అయితే పశువుల కాపరికి తెలిసిన ఆస్తి, ఏది మంచిదో ఎవరూ చెప్పక్కర్లేదు, కాబట్టి ఎర్ర దానికి నా ఓటు.

పోలండ్ నాన్చి నాన్చి 1995లో తెచ్చింది. 20 జ్లోటీలకి సర్టిఫికెట్, 512 కంపెనీలు, 15 ఫండ్లు. జనం కంపెనీని ఎంచుకోనక్కర్లేదు, ప్రతి కంపెనీలో ఒక ఫండ్‌కి 33 శాతం ఇచ్చి, బాధ్యత నీదే అన్నారు. 20కి కొన్నది బజార్లో వందపైన అమ్ముకున్నవాళ్లు చాలామంది, అలా చూస్తే వాడినవాడికి చేతిలో డబ్బు కనిపించిన మోడల్ ఇదొక్కటే. మూడున్నర ఇస్తాను. నాలుగు ఇచ్చేవాణ్నే, ఆ ఫండ్ మేనేజర్లు తీసుకున్న ఫీజులు చూశాక సగం స్టార్ కోసేశాను.