ట్రోవ్‌లో ఫాదర్ మోమిస్: విశాఖ నుంచి వెతికేవారికి

పసిఫిక్ దేశం పాపువా న్యూ గినీలోని బోగన్‌విల్ ద్వీప నాయకుడు, ఒకప్పటి కాథలిక్ గురువు జాన్ మోమిస్ మీద ఏయూలో డిసర్టేషనో, సెమినార్ పేపరో రాసేవాళ్లు మొదట తెరవాల్సింది ట్రోవ్. ఆస్ట్రేలియా జాతీయ గ్రంథాలయం 2009 నుంచి నడుపుతున్న డిజిటల్ భాండాగారం ఇది. చదవడానికి ఖాతా అక్కర్లేదు, రుసుమూ లేదు.

రాస్ హిల్ మీద మాతగుడికి వెళ్లేవాళ్లకు ఫాదర్ అంటే పూజ చేసి ప్రసంగం చెప్పే ఫాదరే. మోమిస్ మాత్రం 1970లో గురుపట్టం పొంది, 1972కల్లా బోగన్‌విల్ ప్రాంతీయ స్థానం నుంచి పాపువా న్యూ గినీ శాసనసభకు గెలిచారు. రాజ్యాంగ రూపకల్పన కమిటీకి పేరుకు అధ్యక్షుడు అప్పటి ముఖ్యమంత్రి మైకేల్ సొమారే అయినా, ఉపాధ్యక్షుడిగా పని నడిపించింది ఈయనే. ఈ తొలి దశకు ట్రోవ్‌ను మించింది లేదు. పోర్ట్ మోర్స్‌బీ పత్రిక పోస్ట్-కొరియర్ 1969 నుంచి 1981 వరకు ఇందులో ఉంది. 1975 సెప్టెంబర్ 1న బోగన్‌విల్ విడిపోతున్నట్టు ప్రకటించుకోవడం, 16న దేశానికి స్వాతంత్ర్యం రావడం, ఈ పక్షం రోజుల పత్రికలను వరుసగా తిరగేయాలి. ఏ పుస్తకంలోని సారాంశమూ ఆ వేడిని పట్టివ్వదు.

ఒట్టి ‘మోమిస్’ అని కొడితే కుప్పలుగా వచ్చిపడతాయి. వార్తాపత్రికల విభాగంలో అడ్వాన్స్‌డ్ సెర్చ్ తెరిచి, పత్రిక పేరు ఎంచుకుని, ఏడాది కట్టడి పెట్టాలి. ‘ఫాదర్ మోమిస్’, ‘ఫాదర్ జాన్ మోమిస్’ అని ఇంగ్లిష్‌లో, కొటేషన్ గుర్తుల మధ్య, విడివిడిగా వెతకాలి. ఫాదర్‌ను ‘ఎఫ్ఆర్’ అని కుదించే అలవాటు పత్రికలకు ఉంది కాబట్టి అదీ మరోసారి. ‘మిస్టర్ మోమిస్’ కూడా వదలొద్దు. ఏ ఏడాది ఏ పత్రిక ఆయన్ను ఏమని పిలిచిందో రాసిపెట్టుకుంటే, అదే ఒక అధ్యాయానికి సరుకు. బోగన్‌విల్‌లోని పంగునా రాగి గనితో ముడిపడిన వార్తలే కావాలంటే ‘మోమిస్ పంగునా’ను కొటేషన్లలో పెట్టి, వెనకాల టిల్డె గుర్తు (~), 10 అంకె చేర్చాలి. ఆ రెండు మాటలూ పది పదాల లోపు ఉన్నవే వస్తాయి.

దెబ్బ తగిలేది ఓసీఆర్ దగ్గర, అంటే పేజీ బొమ్మను యంత్రం అక్షరాలుగా మార్చే చోట. పాత ముద్రణను యంత్రం చదివేటప్పుడు ఇంగ్లిష్ ‘ఎం’ అక్షరం ‘ఆర్’, ‘ఎన్’ జంటగా విడిపోతుంది, వరుస చివర విరిగిన బోగన్‌విల్ రెండు ముక్కలవుతుంది. అలాంటి వార్త వెతుకులాటకు చిక్కదు. ముఖ్యమైన తేదీలకు పత్రికను పేజీ పేజీగా తిప్పక తప్పదు. ఉల్లేఖన తీసుకునేటప్పుడు పక్కనున్న పాఠాన్ని కాపీ చేయకుండా బొమ్మలో చూసి రాసుకోండి. తప్పు కనిపిస్తే దిద్దే సౌకర్యం ఉంది. దిద్దండి, తర్వాత వెతికేవాళ్లకు అదే దారి.

అసలు లోటు కాలంలో ఉంది. మతగురువులు పాలనాధికార పదవులు చేపట్టకూడదన్న 285వ నిబంధన ఉన్న కాథలిక్ చర్చి కొత్త కానన్ చట్టం 1983లో అమల్లోకి వచ్చింది. మోమిస్ గురుత్వం వదిలింది 1993లో. మధ్యలో 1988 నుంచి గని చుట్టూ రగిలిన యుద్ధం. కథ ముదిరే ఈ పదేళ్లకు ముందే, 1981తోనే, ట్రోవ్‌లో పోస్ట్-కొరియర్ ఆగిపోతుంది. అక్కడి నుంచి 1995 వరకు కాన్‌బెర్రా టైమ్స్, 2000 వరకు పసిఫిక్ ఐలాండ్స్ మంత్లీ పట్టుకోవాలి. రెండోది వార్తాపత్రికల విభాగంలో కాదు, మ్యాగజైన్ల విభాగంలో దొరుకుతుంది. చాలామంది అక్కడికి వెళ్లకుండానే లేదనుకుంటారు. ఒక జాగ్రత్త: అప్పట్లో పంగునా గని ఆస్ట్రేలియా కంపెనీ సీఆర్ఏ అనుబంధ సంస్థ చేతిలో ఉండేది. ఆస్ట్రేలియా పత్రికల చూపునే బోగన్‌విల్ చూపుగా తీసుకోకూడదు. 2001 శాంతి ఒప్పందం, 2010 నుంచి 2020 వరకు బోగన్‌విల్ స్వయంప్రతిపత్తి ప్రభుత్వానికి మోమిస్ అధ్యక్ష పదవి, స్వాతంత్ర్యానికి 98 శాతం పైగా ఓట్లు పడ్డ 2019 రిఫరెండం, వీటికి ఈ పత్రికలు పనికిరావు.

ఫోన్‌లో జూమ్ చేస్తూ చదవడం కళ్లకు శిక్ష. డెస్క్‌టాప్ మీద కూర్చోండి. పేజీ మొత్తం పీడీఎఫ్‌ను ఏ4 మీద తీస్తే అక్షరాలు చీమల బారులా ఉంటాయి. వార్త ఒక్కటే దించుకోండి, లేదా జిరాక్స్ షాపులో ఏ3 అడగండి. సైట్ బటన్ ఇచ్చే శాశ్వత లింకును అప్పటికప్పుడే నోట్సులో అతికించుకోవాలి. గ్రంథాలయానికి ప్రశ్న పంపే సదుపాయమూ ఉంది, కానీ కాన్‌బెర్రా మనకంటే నాలుగున్నర గంటలు ముందు, వాళ్ల వేసవిలో ఐదున్నర. శుక్రవారం మధ్యాహ్నం పంపిన ప్రశ్నను చూసేది సోమవారమే.